పేరు పెట్టి పిలిచిన సీను

అనసూర్య భయపడే మనిషి కాదు. ముప్పై ఏళ్ళుగా సాంచాల షెడ్డులో నూలు కండెలు చుడుతోంది. కూలి పెంచమని సమ్మె చేసిన నాడు పోలీసు జీపుకు అడ్డంగా కూర్చుని తీరిగ్గా ఆకూవక్కా నమిలింది. ఎంత పెద్ద ఆసామినైనా మొహం మీద నాలుగు మాటలు అనేసి, ఐదో మాటకు నవ్వించగలదు. అట్లాంటి మనిషి, సిరిసిల్ల నడిబజారులో తన మొహమే తలుపు రెక్కంత పెద్దగా అచ్చయిన పోస్టరు చూసి, గుండెల్లో రాయి పడ్డట్టు నిలబడిపోయింది. 'నాలుగో సాంచా. ఈ శుక్రవారం మన టాకీసులో' అని రాసి ఉంది దాని మీద.

మరమగ్గాన్ని ఈ ఊళ్ళో సాంచా అంటారు. ఆ సాంచాల మీద ఒక సినిమా వస్తుందని, వస్తే జనం ఎగబడి చూస్తారని ఎవరైనా ముందే చెప్పి ఉంటే ఊరంతా నవ్వేది. ఇప్పుడు నవ్వేవాళ్ళు లేరు. హైదరాబాదులో చూసినవాళ్ళు కళ్ళు తుడుచుకుంటూ బయటికొస్తున్నారట. ఎక్కడో బయటి దేశాల్లో చూపిస్తే జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారట. పెద్ద హీరో లేడు, ఫైట్లు లేవు, పాటకు వెనక ఎగిరేవాళ్ళు లేరు. ఉన్నదల్లా ఒక షెడ్డు, నాలుగు సాంచాలు, వాటిని నమ్ముకున్న మొగుడూ పెళ్ళాం. ఆ మొగుడు బాలమల్లు, ఆ పెళ్ళాం అనసూర్య. తెర మీదా వాళ్ళే, ఇంట్లోనూ వాళ్ళే.

ఇంకొకరైతే ఆ పోస్టరు ముందు ఫోటో దిగి చుట్టాలందరికీ పంపేవాళ్ళు. అనసూర్య కొంగు నెత్తి మీదికి లాక్కుని గబగబా ఇంటికి నడిచింది. ఎందుకంటే ఆ సినిమాలో రెండు నిమిషాల సీను ఒకటుంది. శుక్రవారం నాడు ఆ సీను బాలమల్లు చూస్తాడు. చూస్తే ఏమవుతుందో తెలియాలంటే, అది ఎట్లా తీశారో ముందు తెలియాలి.

సినిమా తీసింది ఆరాధన. ఆ పిల్లది ఆదిలాబాద్. వాళ్ళ బాపు జోయల్ మెథడిస్టు చర్చిలో పాటలు నేర్పిస్తాడు. నలభై గొంతులు కలిసి పాడుతుంటే అందులో ఏ గొంతు జారిందో కళ్ళు మూసుకుని చెప్పడం ఆమెకు చిన్నప్పుడే అబ్బింది. అందుకేనేమో, ఒకరి మొహానికి ఇంకొకరి గొంతు అతికించే పద్ధతి అంటే ఒళ్ళు మంట. నటించినవాళ్ళ గొంతే, నటించిన చోటే రికార్డు కావాలని పట్టుబట్టింది. పట్టుబట్టి, దేశంలో ఇంకెక్కడా చోటు దొరకనట్టు, పక్కవాడు చెవిలో అరిచినా వినబడని సాంచాల షెడ్డుకు వచ్చింది. బుద్ధిమంతులు చేసే పని కాదిది. అయితే మంచి సినిమాలు బుద్ధిమంతులు తీసిన దాఖలాలు కూడా లేవు.

సిటీ నుంచి నటుల్ని తెస్తే సాంచా ముందు చుట్టాలింటికి వచ్చినట్టు నిలబడుతున్నారని, నిజంగా సాంచాలు నడిపేవాళ్ళనే పెట్టుకుంది. షెడ్డు షెడ్డుకూ తిరిగి చివరికి అనసూర్య దగ్గర ఆగింది. "సినిమాల చేస్తవా పెద్దమ్మా?" అని అడిగితే, "చేస్త గని, మొగని పాత్రకు మా ఆయననే పెట్టు. పరాయి మొగోని పక్కన నేను నిలబడ" అంది అనసూర్య. అట్లా బాలమల్లు కూడా యాక్టరయ్యాడు.

మొదటి రోజు గొంతులు రికార్డు చెయ్యాలి కాబట్టి స్విచ్చులన్నీ ఆపించారు. షెడ్డులో చీమ చిటుక్కుమంటే వినబడేంత నిశ్శబ్దం. సౌండు చూసే సాల్మన్ హెడ్‌ఫోన్లు పెట్టుకుని బొటనవేలు పైకెత్తాడు. ఆరాధన 'యాక్షన్' అంది. బాలమల్లు సాంచా మీద చెయ్యేసి పెదవులు కదిపాడు. అనసూర్య చెయ్యి తిప్పి, కళ్ళెగరేసి, తనూ పెదవులు కదిపింది. బాలమల్లు నవ్వాడు. ఆమె మూతి తిప్పింది. సీను పండింది. సాల్మన్ మాత్రం హెడ్‌ఫోన్లు తీసి అరచేత్తో కొట్టాడు, మళ్ళీ పెట్టుకున్నాడు, బ్యాటరీ మార్చాడు, తీగలు పీకి పెట్టాడు.

"అక్కా, మైకు సచ్చింది" అన్నాడు బిక్కమొహంతో.

మైకు బాగానే ఉంది. వీళ్ళే గొంతు తీయలేదు. సాంచాల మోతలో అరిచినా దండగే అని ఊహ తెలిసినప్పటి నుంచీ తెలుసు కాబట్టి, షెడ్డులో అందరూ పెదవులు చూసి, చేతులు చూసి మాట్లాడుకుంటారు. సాంచా నడుస్తోందా ఆగిందా అన్న సంగతి వాళ్ళ నోటికి పట్టదు. కాళ్ళు సాంచా పక్కన నిలబడ్డాయా, గొంతు దానంతటదే మూసుకుంటుంది.

"పెద్దమ్మా, మాట్లాడాలె గద!" అంది ఆరాధన.

"మాట్లాడినం గద బిడ్డా, అన్నీ చెప్పినం. ఒక్క మాట సుత ఇడిచిపెట్టలే."

"నాకు ఇనబడలే."

"ఇనుడేంది? చూడాలె."

ఆరాధన నుదురు కొట్టుకుంది. తర్వాత పడీ పడీ నవ్వింది. నవ్వు ఆగాక సాంచాల వైపు చూస్తూ కూర్చుంది. ఆ సాయంత్రం స్క్రిప్టు తెరిచి, షెడ్డులో జరిగే సీన్లన్నిటికీ మాటలు కొట్టేసింది. షెడ్డు సీన్లలో సాంచాలు నడుస్తాయి, మనుషులు పెదవులతో మాట్లాడుకుంటారు, అర్థమయినంత అర్థమవుతుంది, కానంత కాదు. డబ్బు పెట్టినవాళ్ళు లబోదిబోమన్నారు. ఆమె వినలేదు.

ఇక బాలమల్లు సంగతి. సాంచాల మోతకు ఈ ఊళ్ళో చాలామంది చెవులు మందగిస్తాయి. అట్లాంటి ఊళ్ళో 'చెవుల బాలమల్లు' అని పేరు తెచ్చుకున్న మనిషి ఆయన. ఏ షెడ్డులో సాంచా మొరాయించినా కబురు ఆయనకే. వచ్చి, తల ఒక పక్కకు వంచి, మోత విని, ఎక్కడ దెబ్బ తప్పుతుందో ఏ చక్రం అరిగిందో చెప్పేవాడు. విప్పి చూస్తే అదే అయ్యేది. కొన్నాళ్ళుగా తల వంచడం మానేశాడు. సాంచా మీద అరచెయ్యి ఆనించి కళ్ళు మూసుకుంటాడు. చెయ్యికి తగిలే అదురును బట్టి రోగం చెప్తాడు. వయసు మీద పడ్డాక కొత్త స్టయిలు పట్టిండని జనం మురిసిపోయారు. స్టయిలు కాదు, పాడు కాదు. ఆయనకు చెవులు పోయాయి.

ఆ సంగతి ఆయన ఎవరికీ చెప్పలేదు. అందరూ పెదవులు చూసి మాట్లాడుకునే ఊళ్ళో చెవిటితనం దాచడం కష్టం కూడా కాదు. అయినా అనసూర్యకు తెలిసిపోయింది.

ఈ వైపు ఆడవాళ్ళు మొగుడి పేరు నోట పలకరు. పెండ్లినాడు అత్తగారి గడప దగ్గర ఆడబిడ్డలు అడ్డం నిలబడి, 'పేరు చెప్తేనే లోపటికి' అని ఆట పట్టిస్తే, తల వంచుకుని ఒక్కసారి చెప్తారు. ఆ తర్వాత పిల్లల పేరు మీదుగానే పిలుపు. కూతురు నవత కాబట్టి అనసూర్యకు బాలమల్లు ఎప్పుడూ 'నవత బాపు', అంటే నవత నాన్న. రెండేళ్ళ కింద ఒక మధ్యాహ్నం కరెంటు పోయి ఊరంతా సద్దుమణిగింది. బాలమల్లు వాకిట్లో అటు తిరిగి కూర్చుని చిక్కుపడిన పోగులు విడదీస్తున్నాడు. "నవత బాపూ, బువ్వ తిందువు రా" అని పిలిచింది. పలకలేదు. మళ్ళీ పిలిచింది. మళ్ళీ. ఒళ్ళు మండి, "బాలమల్లూ!" అని ఒక్క కేక పెట్టి, నాలుక కరుచుకుంది.

పెళ్ళాం పేరు పెట్టి పిలిస్తే ఏ మొగుడైనా ఉలిక్కిపడతాడు. తిడతాడో నవ్వుతాడో తర్వాత సంగతి, ముందు తిరిగి చూస్తాడు. ఆ వీపు కదల్లేదు. అనసూర్య గడప మీద కూలబడి ఆ వీపును చూస్తూ ఏడ్చింది. గట్టిగానే ఏడ్చింది, వినేవాడు ఎట్లాగూ లేడు.

అప్పటి నుంచీ ఆయనతో ఏం చెప్పాలన్నా ఎదురుగా వెళ్ళి నిలబడి చెప్పేది. తనకు తెలుసని మాత్రం చెప్పలేదు. చెవుల పేరు మీద తలెత్తుకు తిరిగిన మనిషి. ఊరికి తెలిస్తే ఎట్లాగో ఓర్చుకుంటాడు గానీ, పెళ్ళానికి తెలిసిపోయిందని తెలిస్తే ఇంట్లోనే తల దించుకుంటాడు. ఆ దించుకున్న తల చూడడం తన వల్ల కాదు. అది ఆమె ఆలోచన. షూటింగులో కూడా ఆమే కాసుకుంది. "మా దగ్గర అంత సైగలతోనే నడుస్తది బిడ్డా. యాక్షనూ గీక్షనూ అని ఒర్రకు, చెయ్యి కిందికి దించు చాలు" అని ఆరాధనకు చెప్పి, ఆయన గుట్టు బయటపడకుండా చూసింది.

అప్పుడొచ్చింది ఆ సీను. షెడ్డు అమ్మేస్తున్నారని పెళ్ళానికి తెలుస్తుంది, మొగుడికి చెప్పలేకపోతుంది. ఆయన నాలుగో సాంచా మీద వంగి తెగిన పోగు అతుకుతుంటాడు. ఆమె ఆయన వెనక నిలబడి, చూడని మొగుడికి చెప్పుకుంటుంది. కెమెరాకు ముందర బాలమల్లు, ఆయన భుజం మీదుగా అనసూర్య మొహం. రాసిచ్చిన మాటలు అనసూర్య బడిపిల్ల పద్యం అప్పజెప్పినట్టు అప్పజెప్పింది. మళ్ళీ తీశారు. మళ్ళీ పద్యమే. ఆరాధన కెమెరా ఆపించి ఆమె దగ్గరికి వచ్చి భుజం మీద చెయ్యేసింది.

"పెద్దమ్మా, రాసింది ఇడిచిపెట్టు. గా మనిషికి నువ్వు చెప్పాలనుకోని చెప్పనిది ఏదన్న ఉంటె చెప్పు. సాంచాలు నడుస్తుంటయి. ఎవ్వలికి ఇనబడది. నాకు సుత ఇనబడది. ఒట్టు."

ఎవ్వలికి ఇనబడది. ఆ మాట అనసూర్యను ముంచింది. పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచీ వినకుండా మాట్లాడుకునే ఊళ్ళో బతికిన మనిషి, వినబడదు కదా అని నమ్మింది. సాంచాలు మొదలయ్యాయి. ఆరాధన చెయ్యి దించింది. అనసూర్య ఆ వంగిన వీపు వైపు చూసింది.

"బాలమల్లూ" అంది. "ఇనబడుతుందా? ఇనబడది. నాకెరికే. నీకు చెవులు పోయినయని రెండేండ్ల సంది ఎరికే. పేరు పెట్టి పిలిస్తె సుత తిరిగి చూడకపోతివి. నువ్వు నాకు దాస్తున్నవ్, నేను నీకు దాస్తున్న. ఒక్క ఇంట్ల ఇద్దరం దొంగల లెక్క బతుకవడితిమి. నీకు చెవులు లేకుంటె నాకేందయ్యా? నాయి రెండున్నయి గద, ఎవ్వలి కోసమున్నయి? ఒక్కసారి ఇటు తిరుగు. తిరిగి, ఇనబడుతలేదే అనసూర్యా అని ఒక్క మాటను. గంతే. ఇంకేం అడుగ."

ఆమె కళ్ళు తుడుచుకోలేదు. ఆరాధన 'కట్' చెప్పడం మరిచిపోయింది. ఒక్క అక్షరం అర్థం కాకుండానే ఆ పిల్లా ఏడుస్తోంది, కెమెరా పట్టుకున్నవాడూ ఏడుస్తున్నాడు. బాలమల్లు పోగు అతికి, నడుము నిటారుగా చేసుకుని, అందరి మొహాలూ చూసి, "అయిపోయిందా?" అన్నాడు.

ఆ సీను మీద పాట పెడదామన్నారు డబ్బు పెట్టినవాళ్ళు. ఆరాధన ఒప్పుకోలేదు. పైగా సాల్మన్ చేత సాంచాల మోత కూడా మెల్లమెల్లగా తగ్గించి, చివరికి ఏ చప్పుడూ లేకుండా చేయించింది. ఎందుకని అడిగితే ఆమెకే తెలియదు. ఆ మొహం చూస్తుంటే ఇంకేదీ వినబడొద్దనిపించిందట.

ఆ రెండు నిమిషాలే సినిమాను ఎక్కడికో తీసుకుపోయాయి. ఆ ముక్క ఫోన్లలోకి రానివ్వలేదు కాబట్టి, చూడాలంటే టాకీసుకే పోవాలి. చూసి వచ్చినవాళ్ళు ఆమె ఏమందో ఊహించడంలో పడ్డారు. ఒక పెద్దమనిషి 'ఇది శ్రమజీవి మౌన గర్జన' అని పేపరులో సగం పేజీ రాశాడు. యూట్యూబులో ఒకడు, ఆమె విడాకులు అడుగుతోందని బల్ల గుద్ది చెప్పాడు. ఇంకొకామె, కాదు కాదు, మొగుణ్ణి సాంచాల పనికి భీవండి పోవద్దని బతిమాలుతోందంది. అవన్నీ విని అనసూర్య కడుపుబ్బ నవ్వింది. గుడ్డోళ్ళు ఏనుగును తడిమినట్టు ఉంది వీళ్ళ యవ్వారం అనుకుంది. విలేకర్లు అడిగితే, "ఏదో అన్న తియ్యుండ్రి, యాదికి లేదు" అని దాటేసింది.

ఆ నవ్వు పోస్టరు పడిన పొద్దుటి దాకా. ఆ పొద్దున పక్క రాట్నం మీద కండెలు చుట్టే రోజారాణి పోస్టరు ముందే ఎదురై, చంకలు గుద్దుకుంటూ అంది: "రానియ్యే అనసూర్యక్కా, సినిమా మన టాకీసుకు రానియ్యి! హైద్రాబాదోళ్ళకు ఏమెరిక? నీ పెదవులు చూసి నువ్వేమన్నవో మేం ఒక్క తీరుగ చదువుతం."

అదీ రాయి పడడం. ఈ ఊళ్ళో పాలు తాగే పిల్ల తప్ప ప్రతి ఒక్కరూ పెదవులు చదువుతారు. అందరికంటే బాగా చదివేది బాలమల్లు.

టాకీసులో తెర, సౌండు సరి చూసుకోవడానికి ఆరాధన, సాల్మన్ బుధవారమే వచ్చారు. అనసూర్య ఆరాధనను వంటింట్లోకి లాక్కుపోయి ఉన్నదంతా చెప్పింది.  ఇన్నాళ్ళూ దేశమంతా మెచ్చుకున్న తన సీనులో ఏముందో ఆరాధనకు ఆ పొయ్యి ముందు తెలిసింది.

"తప్పు నాది పెద్దమ్మా. ఒట్టేసి చెప్పిన, ఎవ్వలికి ఇనబడదని" అంది చివరికి. "గా సీను కోసేస్త. ఈ టాకీసుకు గది లేని కాపీ పంపిస్త. రేపు పొద్దుగూకె లోపట ఒక్క ఫోన్ కొట్టు."

"గది లేకుంటె నీ సినిమాల ఏముంటది బిడ్డా?"

"సగం పోతది. పోతె పోనీ. బాలమల్లు పెద్దబాపు కంటె ఎక్కువనా?"

ఆ మాటకు అనసూర్యకు ఆ పిల్ల మీద ముద్దొచ్చింది. కోసెయ్యమని అప్పుడే చెప్పబోయి, ఎందుకో ఆగింది.

మరునాడు అంతయ్య అనే ఆసామి షెడ్డులో ఒక సాంచా ఆగుతూ నడుస్తుంటే బాలమల్లును పిలిచారు. అనసూర్య ఆ షెడ్డులోనే పనిలో ఉంది. ఆయన ఎప్పటిలాగే సాంచా మీద అరచెయ్యి ఆనించి కళ్ళు మూసుకున్నాడు. చూడ్డానికి పదిమంది చేరారు. దాన్ని పరీక్షించాలని మిగతా సాంచాలు ఆపారు. సరిగ్గా అప్పుడే నూలు చుట్టిన భీమును బండి మీద తోసుకొస్తున్నారు ఇద్దరు. మనిషంత పొడవున్న, బరువైన ఇనుప రోలరు అది. వాలులో బండి చేతుల్లోంచి జారింది. "జరుగు! జరుగు!" అని షెడ్డంతా అరిచింది. అందరూ జరిగారు. బాలమల్లు కళ్ళు మూసుకుని, మొహంలో ఎంతో ప్రశాంతంగా, అట్లాగే నిలబడ్డాడు.

అనసూర్య ఎట్లా దూకిందో ఆమెకే తెలియదు. అంగీ పట్టుకుని గుంజింది. అంగీ చినిగింది, మనిషి ఆమె మీద పడ్డాడు, బండి వచ్చి సాంచా కాలును గుద్దుకుని ఆగింది.

బాలమల్లు లేచి దుమ్ము దులుపుకున్నాడు. మొహం తెల్లబోయి ఉంది. చుట్టూ మొహాలు చూశాడు. "చూసిన, చూసిన. జరుగుదామనే అనుకుంటున్న, ఇంతల గీమె గుంజె" అన్నాడు. అందరూ నవ్వారు. అనసూర్య నవ్వలేదు. సాంచా మీద ఆయన పెట్టిన చెయ్యి వణుకుతోంది. బండి గుద్దిన దెబ్బకు సాంచా ఆగిపోయింది, అయినా వణుకుతోంది.

పరువు దాచబోతే ప్రాణమే పోయేటట్టుంది. ఇంటికి వచ్చాక ఆయన ఎదురుగా నిలబడి, ఇప్పుడే చెప్పేస్తా అనుకుంది. ఆయన శుక్రవారానికని తెల్లంగీ ఇస్త్రీ చేసుకుంటున్నాడు. తలెత్తి, "ముందు వరుస సీట్లు ఇస్తరటనా మనకు?" అని చిన్నపిల్లాడిలా అడిగాడు. ఆమె నోరు తెరిచింది. మాట రాలేదు. వీపుకు చెప్పగలిగింది గానీ మొహానికి చెప్పలేకపోయింది. ఇన్నేళ్ళలో ఆమె నోరు ఆమెను మోసం చేసింది అప్పుడొక్కసారే. తను చెప్పలేనిది తెర మీది అనసూర్య చెప్పింది, చెప్పి ఉంది. ఇంకేం కావాలి?

పెరట్లోకి పోయి ఫోన్ చేసింది. "బిడ్డా, కత్తెర ముట్టకు. ఉన్నదున్నట్టు ఎయ్యి."

"పెద్దబాపు ఏమనుకుంటడో..."

"ఏమన్న అనుకోని. నా మొగడు, నేను చూసుకుంట."

శుక్రవారం చాలా షెడ్లు బందు పెట్టారు. మార్నింగ్ షోకు టాకీసు కిటకిటలాడింది. నడిచే దారిలో కూడా కూర్చున్నారు. తెర మీద బాలమల్లు కనబడగానే ఈలలు, అనసూర్య కనబడగానే కాగితం ముక్కలు. షెడ్డు సీన్లలో హైదరాబాదు జనం నోరు వెళ్ళబెట్టి చూసిన చోటల్లా వీళ్ళు పకపకా నవ్వుతున్నారు, ఎందుకంటే వీళ్ళకు ప్రతి ముక్కా తెలుస్తోంది. వెనక గోడకు ఆనుకుని నిలబడిన ఆరాధన తన సినిమాలో ఇన్ని జోకులున్నాయని అప్పుడే తెలుసుకుంది.

ముందు వరుసలో ఇస్త్రీ అంగీ వేసుకుని బాలమల్లు, పక్కన అనసూర్య. 

సీను వచ్చింది. సాంచాల మోత తగ్గి తగ్గి ఆగిపోయింది. తెర నిండా అనసూర్య మొహం. ఆ పెదవులు కదిలాయి.

"ఓ యవ్వా! పేరు పెట్టి పిలిచింది!" రోజారాణి గొంతు ఖంగుమంది. టాకీసు గొల్లుమంది. ఆడవాళ్ళు కొంగులు నోట్లో కుక్కుకున్నారు. మగవాళ్ళు ఈలలేశారు. బాలమల్లు కూడా సిగ్గుపడి, నవ్వుతూ అనసూర్య వైపు చూడబోయి, తెర మీది పెదవులు ఇంకా కదులుతుంటే అటే ఉండిపోయాడు.

తర్వాతి మాటకు నవ్వు సగమైంది. ఆ తర్వాతి మాటకు పూర్తిగా పోయింది. 

అనసూర్య తెర చూడలేదు. తన మొహం వెలుగులో మొగుడి మొహం చూస్తోంది. ఆయన పెదవులు మెల్లగా కదులుతున్నాయి. కొత్తగా అక్షరాలు నేర్చినవాడు కూడబలుక్కున్నట్టు, ఒక్కొక్క మాటా ఆమె వెంట ఆయనా అంటున్నాడు. 'దొంగల లెక్క' దగ్గర పెదవులు ఆగిపోయాయి. ఆ తర్వాత ఆయన కళ్ళు తప్ప ఏమీ కదల్లేదు.

సీను అయిపోయింది. మళ్ళీ సాంచాల మోత మొదలైంది. ఎవరూ బాలమల్లు వైపు చూడలేదు. చూడకుండా ఉండడం ఆ ఊరి మర్యాద.

బాలమల్లు లేచాడు. అయిపోయింది, వెళ్ళిపోతున్నాడు, అనుకుంది అనసూర్య. పోతే వెంట పోవాలని కాళ్ళు కూడదీసుకుంది. ఆయన పోలేదు. తెరకు వీపు పెట్టి, ఆమె వైపు తిరిగాడు. సినిమా రంగులన్నీ ఆయన తెల్లంగీ అంచుల మీద పడుతున్నాయి. సైగ చెయ్యలేదు, పెదవులతో సరిపెట్టలేదు. గొంతు తీశాడు. తన గొంతు తనకు వినబడని మనిషి కదా, ఎంత గట్టిగా అంటున్నాడో ఆయనకు తెలియదు. సాంచాల మోత మీదుగా టాకీసు చివరి వరుస దాకా వినబడింది.

"ఇనబడుతలేదే, అనసూర్యా."

అనసూర్య ఏడ్చింది, నవ్వింది, రెండూ ఒకేసారి చేసింది. తర్వాత కళ్ళు తుడుచుకుని, లేచి, ఆయన తన పెదవులు చూసేంత దగ్గరగా వెళ్ళి నిలబడింది. వెనక తెర మీద సినిమా నడుస్తూనే ఉంది, ఎవరూ చూడడం లేదు.

"బాలమల్లూ" అంది.

"ఆఁ, చెప్పు" అన్నాడు బాలమల్లు.